భిక్షం వేసిన భిక్షం వేషం

భిక్షం సినిమాలో ఉన్నాడని కట్టంగూరు సంతలో ఎవరినడిగినా చెబుతారు. పాటలూ కత్తియుద్ధాలూ ఉన్న సినిమా కాదు. ఎండాకాలం క్యాంపులో పడుచు పిల్లలు మట్టి తవ్వి బాట వేయడం మీద సర్కారువాళ్లు తీసిన పావుగంట బొమ్మ. అందులో భిక్షం భిక్షంగానే కనిపిస్తాడు. ఆ సంగతి అడిగితే గొంగడి సర్దుకుని, కర్ర మీద గడ్డం ఆనించి, “నా వేషం నేనే ఏసిన. అయినా సక్కగ రాలే. ఇంకెవలన్న ఏస్తే మంచిగుండునేమో” అంటాడు. నవ్వించడానికి అనే మాట కాదు. నిజంగానే అతనికి ఆ దిగులుంది.

అతని కథ సినిమాతో మొదలుపెడితే తెగదు. తౌడు దగ్గర మొదలుపెట్టాలి.

బక్కమ్మకూ అంజన్నకూ మందలో గొర్రెలు నిలిచేవి గాని ఇంట్లో పిల్లలు నిలిచేవారు కాదు. ముగ్గురు పుట్టారు, ముగ్గురూ పురిటి మంచం దిగకముందే పోయారు. నాలుగోసారి మగపిల్లవాడు పుట్టాడు. ఆ పక్కల ఇలాంటప్పుడు చేసే పని ఒకటుంది. బిడ్డను చాటలో పడుకోబెట్టి ఇంటి ముందు పెంటకుప్ప మీద పెడతారు. పిల్లలు బాగా బతికిన తల్లి ఒకామె, ఏమీ ఎరగనట్టు ఆ దారిన వచ్చి, “ఈ పోరన్ని అమ్ముతరా?” అని అడుగుతుంది. చాటెడు తౌడు పోసి కొనుక్కుంటుంది. అప్పటి నుంచి బిడ్డ ఆమెది. పాలిచ్చేది కన్నతల్లే, పెరిగేది కన్న ఇంట్లోనే. కాని పదిమంది వినేటట్టు “నా కొడుకు” అని కన్నతల్లి అనకూడదు. అన్నదంటే, వెనకటి ముగ్గురినీ తీసుకుపోయిందేదో ఆ మాట వింటుంది. వాడు పెరిగి పెళ్లాడి, తాళి కట్టాక, చాటెడు తౌడు తిరిగి పోసి కొడుకును ఇంటికి తెచ్చుకోవచ్చు. అందాకా నోరు మూసుకోవాలి.

భిక్షాన్ని కొన్నది పక్కింటి గుర్వమ్మ. ఆమెకు ఏడుగురు పిల్లలు, ఏడుగురూ గోడలెక్కి దూకేవాళ్లే. గొంతు కూడా ఏడుగురికి సరిపోయేంత. ఆమె పోసిన తౌడు బక్కమ్మ ఇంటి బర్రె ఆ పూటే తినేసింది. “నా ధర ఒక్క బుక్కకు రాలే” అని భిక్షం ఇప్పటికీ చిన్నబోతాడు.

అట్లా అతను గుర్వమ్మను “అమ్మా” అనీ, కన్నతల్లిని “చిన్నమ్మా” అనీ, కన్నతండ్రిని “చిన్నాయినా” అనీ పిలుస్తూ పెరిగాడు. తినేది చిన్నమ్మ చేసిన రొట్టె, పడుకునేది చిన్నమ్మ పరిచిన గొంగడి మీద, తన్నులు తినేదీ చిన్నమ్మ చేతనే. తన్నుల చప్పుడు వినగానే గుర్వమ్మ గోడ మీదుగా తల పెట్టేది.

“నా కొడుకును కొట్టనీకి నువ్వెవలే బక్కీ?”

“మందల గొర్రెపిల్లను ఇడిసి ఈతకు పోయిండక్కా.”

“పోతే పోయిండు. నా కొడుకు. నీకేం పోయింది?”

పోయిన గొర్రెపిల్ల బక్కమ్మది. అయినా ఆమె చేతిలో కట్టె కింద పడేసి లోపలికి పోయేది. ఊరంతటికీ అసలు సంగతి తెలుసు. ఊరంతా గుర్వమ్మ పక్షమే మాట్లాడేది. పిల్లవాడి ఆయుష్షు అందరి నోళ్లలో ఉంది మరి.

నోటితో చేయలేని పని బక్కమ్మ చేతులతో చేసేది. వాడు గడప దాటేటప్పుడల్లా తలుపు చాటున నిలబడి, గాలిలోనే వాడి ముఖం చుట్టూ రెండు చేతులూ తిప్పి, తన కణతలకు ఆనించి మెటికలు విరిచేది. పటపటమని చప్పుడయ్యేది. మాటైతే ఎవరిదో ఎవరికో తెలిసిపోతుంది, మెటికలకు ఆ బాధ లేదు. పసితనం నుంచీ భిక్షం కాళ్లు ఆ చప్పుడుకు అలవాటుపడ్డాయి. అది వినబడితేనే గడప దిగేవాడు. వినబడకపోతే చెప్పులు వెతుక్కుంటున్నట్టు కాసేపు అక్కడే తచ్చాడేవాడు.

బక్కమ్మకు జీవితంలో ఉన్న కోరిక ఒక్కటే. వీడికి పెళ్లి కావాలి, తౌడు తిరిగి పోయాలి, పదిమందిలో వీడు తనను ఒక్కసారి “అమ్మా” అని పిలవాలి. సైదమ్మ అనే చుట్టపామె ఒకసారి, “కోడలొస్తే సుఖపడతవు బక్కమ్మా” అంటే, “కోడలు కాదు, నాకు కొడుకు రావాలె” అని గొణిగి, ఎవరైనా విన్నారేమోనని నాలుక కరుచుకుందట.

భిక్షానికి మీసం వచ్చిన ఏడు, ఎండలు ముదిరిన వేళ, ఊరి పక్క చింతతోపులో క్యాంపు పెట్టారు. హైదరాబాదు నుంచి కాలేజీ పిల్లలు వచ్చారు. చుట్టుపక్కల ఊళ్ల పడుచువాళ్లనూ చేర్చుకున్నారు. అందరూ కలిసి ఊరి నుంచి పెద్ద రోడ్డు దాకా బాట వేయాలి. పెత్తనం బడిపంతులు రామచంద్రయ్యది. ఆయన మెడలో విజిల్ వేలాడుతుండేది. లేవడానికి విజిల్, తినడానికి విజిల్, విజిల్ ఊదడం ఆపడానికి ఇంకో విజిల్. పొద్దున్నే అందరినీ వరసలో నిలబెట్టి కాళ్లూ చేతులూ ఆడించమనేవాడు. “తెల్లారగట్ల గొర్ల ఎంబడి ఉరికొచ్చినోన్ని నిలబెట్టి, ఉత్తగ కాళ్లు ఆడియ్యమన్నరు. ఏ గొర్రె ఎంబడో సెప్పకపాయిరి” అంటాడు భిక్షం.

క్యాంపు సగం నడిచాక జీపు వచ్చింది. అందులోంచి ఇద్దరు దిగారు. ఒకాయన డబ్బా కెమెరాకు కన్ను ఆనించి ఉండేవాడు, మాట్లాడేవాడు కాదు. రెండో ఆయన కోస్తా మనిషి, తెల్లటోపీ పెట్టుకుని అందరి తరఫునా తానే మాట్లాడేవాడు. ఊరు ఆయనకు టోపీ సారు అని పేరు పెట్టింది. టోపీ సారు పిల్లలందరినీ చింతచెట్ల కింద కూర్చోబెట్టి చెప్పాడు.

“మా చిత్రంలో నటులుండరండీ. ఎవరికి వారే. తమరు తమరిలాగా ఉంటే చాలు. మాకు కావలసింది వాస్తవం.”

భిక్షం చెయ్యి లేపాడు. ఊరి బాగోతంలో రెండేళ్లుగా ద్వారపాలకుడి వేషం అతనిదే. వేషం సంగతి తనకు తెలుసని అతని నమ్మకం.

“అంటే నా వేషం నేనే ఎయ్యాల్నా సారూ?”

“అవునండీ.”

“మొఖానికి అర్దళం రంగు పుయ్యరా?”

“ఏమీ పూయమండీ.”

“మరి గది సూడనీకి ఎవలొస్తరు సారూ? ఊరోళ్లు రోజూ సూస్తనే ఉన్నరు గద. నన్ను సూసి ఇప్పటిదాక ఎవలూ సప్పట్లు కొట్టలే.”

పక్కనున్న లింగస్వామి, అతని జతగాడు, మోచేత్తో పొడిచాడు. “ఊకోరా. ద్వారపాలకుని వేషంల గూడ నీకెవలు కొట్టిండ్రు?”

మరునాడు వాస్తవం మొదలైంది. భిక్షం గడ్డపార ఎత్తి రోజూ తవ్వినట్టే తవ్వాడు. టోపీ సారు చెయ్యి అడ్డం పెట్టాడు. “అంత వేగం వద్దండీ. కెమెరాకు అందడం లేదు. మరొక్కసారి.” భిక్షం మెల్లగా తవ్వాడు. “ముఖంలో ఆనందం లేదండీ. మరొక్కసారి.” ఆనందంగా తవ్వాడు. అప్పటికి అక్కడ తవ్వడానికి మట్టి మిగలలేదు. తవ్విన మట్టినంతా గుంటలో పోసి, తొక్కి, మళ్లీ తవ్వించారు. ఆ రోజు సాయంత్రం రామచంద్రయ్య కొలిచి చూస్తే బాట నిన్నటికంటే నాలుగు మూరలు వెనక్కి వచ్చింది.

చెమట విషయంలోనూ గొడవే. భిక్షానికి చెమట పట్టిన చోట కెమెరా పెడితే ఎండ చాలలేదు. ఎండ ఉన్న చోటికి జరిగేసరికి చెమట ఆరిపోయింది. చెంబుతో నీళ్లు తెచ్చి ముఖాన చల్లారు. “సారూ, నా సెమట నాకు పడ్తది గద, జర ఆగుండ్రి” అని అతను బతిమాలాడు. ఒక హైదరాబాదు పిల్లవాడికి అరచేతిలో నిజంగానే బొబ్బలు లేచాయి. అవి కెమెరాకు ఆనడం లేదని వాటి మీద ఎర్రసిరా పూశారు. సిరా కడుక్కుంటే బొబ్బ చితికింది. ఆ పిల్లవాడు నిజంగా ఏడ్చాడు. అప్పటికి కెమెరాలో రీలు అయిపోయింది.

బంతి భోజనం తీసిన రోజు మాత్రం అందరికీ గుర్తుంది. రోజూ పెట్టే జొన్నగట్క బొమ్మలో నల్లగా పడుతుందని ఆ ఒక్కపూట తెల్లన్నం, బూరెలు వడ్డించారు. “రోజూ లాగే తినండి” అన్నాడు టోపీ సారు. రోజూ లాగే తినమంటే మూడు బుక్కల్లో ఊడ్చేశారు. ఆయన ఇంకా కెమెరా వైపు తిరగనే లేదు. రెండోసారి వడ్డించారు. లింగస్వామి విస్తరి ముందు ఎంతో నెమ్మదిగా కూర్చుని, మూడోసారి కూడా వడ్డించేటట్టు చూశాడు. వాస్తవం అంటే ఆ పిల్లలకు ఆ రోజే ఇష్టం కలిగింది.

ఆ తర్వాతే అసలు చిక్కు వచ్చింది. ఇల్లు వదిలి క్యాంపుకు పోయే కొడుకును తల్లి దీవించి పంపాలి, ఆ ముక్క లేకుంటే బొమ్మకు ప్రాణం ఉండదు అన్నాడు టోపీ సారు. అందరిలోకీ భిక్షం ముఖమే కెమెరాకు నచ్చింది. పంతులును వెంటబెట్టుకుని, డబ్బా మోయించుకుని, భిక్షం ఇంటికి వచ్చారు. బక్కమ్మ గడపలో కూర్చుని జొన్నలు చెరుగుతోంది.

“అమ్మా, తమరబ్బాయిని దీవిస్తూ...”

బక్కమ్మ చేతిలో చాట ఆగిపోయింది. “నాకు కొడుకు లేడు సారూ.”

టోపీ సారు లోపలి నుంచి వస్తున్న భిక్షాన్ని చూశాడు. అదే ముక్కు, అవే చెవులు, నవ్వితే పక్కకు పోయే అదే పెదవి. “మరి ఈయనెవరండీ?”

“పక్కింటోళ్ల పోరడు. అన్నానికొచ్చిండు.”

“ఈ ఇంట్లో...?”

“రోజూ వస్తడు.”

టోపీ సారు పంతులు వైపు తిరిగాడు. పంతులు చదువుకున్నవాడే, కాని ఆ ఊరివాడు. గొంతు సవరించుకుని, “అవునండీ, ఆ పక్కింటి గుర్వమ్మ కొడుకు” అన్నాడు. గుమిగూడిన వాళ్లందరూ తలలూపారు. అంజన్న గుంజకు ఆనుకుని, “మంచి పోరడు సారూ, వాళ్ల నాయిన ఎవడోగాని” అని తనవంతు సాక్ష్యం తానూ చెప్పాడు.

గుర్వమ్మకు కబురు పోనవసరం లేకపోయింది. పెళ్లినాటి చీర కట్టుకుని, కడియాలూ కంటెలూ అన్నీ దిగేసుకుని, ముఖాన పసుపు దట్టించి అప్పటికే గోడ పక్క తయారుగా ఉంది.

“నా కొడుకే సారూ. తౌడు...” అనబోయి, “తల్లిని నేనే” అని దిద్దుకుంది.

అయితే గుర్వమ్మ గుమ్మం ఉత్తరం మొఖాన ఉంది, వెలుతురు చాలదు. ఎండ చక్కగా పడేది బక్కమ్మ గడప మీదనే. కనుక గుర్వమ్మను బక్కమ్మ గడపలో నిలబెట్టారు. చేతికి బక్కమ్మ చేసిన రొట్టెల మూట ఇచ్చారు. ఇరుగుపొరుగు లేని ఊరు ఉండదు కాబట్టి ఒక పక్కింటామె కూడా కావాలన్నారు. “తమరు ఆ పక్కన నిలబడండమ్మా. సహజంగా ఉండండి. తమరిలాగే” అని బక్కమ్మకు చెప్పారు.

బక్కమ్మ తన ఇంటి ముందు పక్కింటామెగా నిలబడింది.

కెమెరా కిర్రుమంది. గుర్వమ్మ ఏడుపు అందుకుంది. క్యాంపు ఊరి చివరే, కూతవేటు దూరం. అయినా ఆమె ఆడపిల్లను అత్తారింటికి సాగనంపినట్టు భిక్షం మెడ పట్టుకుని ఏడ్చింది. భిక్షం ఆమె కాళ్లు మొక్కి, మూట భుజాన వేసుకున్నాడు.

“వెళ్లండి, వెళ్లండి!” అన్నాడు టోపీ సారు.

భిక్షం వెళ్లలేదు. గడప మీద ఒక కాలు, కింద ఒక కాలు పెట్టి నిలబడిపోయాడు.

“ఏమండీ, వెళ్లరేం?”

ఎందుకు కదల్లేదో అతనికీ వెంటనే తెలియలేదట. బక్కమ్మ చూపు మాత్రం కెమెరా మీదే ఉంది. ఊళ్లో వంద కళ్లుంటాయి, వాటికి రెప్పలుంటాయి. ఈ డబ్బాకు ఉన్నది గుండ్రని ఒంటికన్ను, రెప్ప లేదు. అది అంతసేపటి నుంచి పిల్లవాడిని తినేసేటట్టు చూస్తోంది. ఆమె ఇక ఆగలేకపోయింది. గబగబా మధ్యలోకి వచ్చి, గుర్వమ్మను పక్కకు నెట్టి, వాడి ముఖం చుట్టూ చేతులు తిప్పి, కణతల మీద మెటికలు విరిచింది. పటపటమన్నాయి. భిక్షం చక్కగా గడప దిగి వెళ్లిపోయాడు.

“ఆపండి! పక్కింటమ్మా, తమరు మధ్యలోకి రాకూడదండీ. మరొక్కసారి!”

మరొక్కసారి గుర్వమ్మ ఏడ్చింది, మరొక్కసారి భిక్షం ఆగాడు, మరొక్కసారి బక్కమ్మ వచ్చింది. ఎన్నిసార్లు తీసినా అంతే. ఆమెను కొట్టం వెనక్కు పంపి చూశారు. అప్పుడు భిక్షం అసలు కదలనే లేదు, ఎండలో గుంజలాగా నిలబడ్డాడు. చివరికి గుర్వమ్మకు కన్నీళ్లు అయిపోయాయి. “పొద్దటిసంది ఏడ్వమంటే కండ్లల్ల నీళ్లు ఏడికెల్లి దేవాలె సారూ? బాయి తవ్వుకోవాల్నా? జర ఛాయన్న తాపియ్యుండ్రి!” అని ఆమె తిడుతుండగానే రీలు పూర్తయింది. టోపీ సారు టోపీ తీసి నెత్తి గోక్కున్నాడు. జీపు వెళ్లిపోయింది. బాట మిగతా పనిని ఎవరూ వెనక్కి తవ్వించలేదు కాబట్టి వానల ముందే పెద్ద రోడ్డు చేరింది.

దసరా పోయాక బొమ్మ ఊళ్లు తిరగడం మొదలైంది. చిట్యాలలో వ్యాను ఆపి, తెర కట్టి చూపించారు. ఆ గుంపులో మల్లప్ప ఉన్నాడు. ఆయనకూ గొర్లమంద ఉంది, పెళ్లీడుకొచ్చిన బిడ్డ యాదలక్ష్మి ఉంది. వారం తిరక్కుండా సంబంధం మాట్లాడటానికి బయలుదేరి, దారి పొడుగునా “సినిమాల తల్లి ఇల్లేది?” అని అడుగుతూ నేరుగా గుర్వమ్మ ఇంటి ముందు దిగాడు.

గుర్వమ్మ మంచం వాల్చింది. బక్కమ్మ మజ్జిగ తెచ్చి ఇచ్చింది.

“పిలగాడు సరే,” అన్నాడు మల్లప్ప, “నేను పిలగాన్ని సూసి రాలే. అత్తను సూసి వచ్చిన. కొడుకు కూతవేటు దూరం పోతే గంతగనం ఏడ్సినామె, కోడలి మీద ఏం చెయ్యి లేపుతది? నా బిడ్డకు అసువంటి అత్తే కావాలె.”

“నా మనసు ఎన్నపూస బావా” అంది గుర్వమ్మ, కొంగుతో కళ్లొత్తుకుని చూపిస్తూ.

“ఒక్కటే అనుమానం. ఆ బొమ్మల ఒక పక్కింటామె నడుమల దూరుతది, మొఖం కనబడలే. చూస్తే జర గయ్యాళి లెక్క గొట్టింది. ఆమె రోజూ గట్లనే వస్తదా?”

మజ్జిగ చెంబు పట్టుకుని నిలబడ్డ బక్కమ్మ కొంగు ముందుకు లాక్కుంది. “అప్పుడప్పుడొస్తది” అంది.

“జర దూరం ఉంచుండ్రి ఆమెను.”

“అట్లనే” అంది బక్కమ్మ.

ఏం చేస్తుంది? అసలు అత్తను తానేనంటే సంబంధం పోతుంది. పోకపోయినా, తాళి కట్టకముందే నోరు జారితే పిల్లవాడు పోతాడు. పెళ్లి జరిగితేనే కొడుకు. ఆ పెళ్లి జరగాలంటే తాను గయ్యాళి పక్కింటామెగానే ఉండాలి. మాఘంలో ముహూర్తం పెట్టుకున్నారు.

ఇంతలో గుర్వమ్మకు తల్లి వేషం ఒంటబట్టింది. సంతకు పోతే “సినిమా తల్లి వచ్చింది” అని జనం దారి ఇచ్చేవారు. ఏడిచి చూపించమని అడిగేవారు. పెళ్లి దగ్గర పడ్డాక బక్కమ్మ గోడ దగ్గరికి వచ్చి మెల్లగా కదిపింది.

“అక్కా, తౌడు పట్టించి పెట్టిన. తాళి కట్టంగనే...”

“ఏం తౌడే?”

“గదేంది? నువ్వు పోసిన తౌడు. మల్ల నీకు పోసి...”

గుర్వమ్మ ఇటూ అటూ చూసి గొంతు తగ్గించింది. ఆమె గొంతు తగ్గించడం బక్కమ్మ ఎన్నడూ వినలేదు. “బక్కీ, నాకు భయమైతాంది. బొమ్మల పైకెల్లి ఒక గొంతు సెప్తదంట, ‘ఈమె ఆ పిలగాని తల్లి’ అని. అది సర్కారు గొంతు. జిల్లా జిల్లంత విన్నది. రేపు పదిమందిల తౌడు తీస్కొని తల్లిని కాదంటే, సర్కారుకు అబద్ధం సెప్పినవని బేడీలెయ్యరా? ఏడుగురు పిల్లల తల్లిని. తౌడుకు ఆశపడి జైలుకు పోవాల్నా?”

“మరి నా కొడు...” అనబోయి బక్కమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది.

“బొమ్మ ఉన్నన్ని దినాలు నేనే తల్లిని. నా శేతుల ఏం లేదు” అంది గుర్వమ్మ. బక్కమ్మ ఆ పూట పొయ్యి ముట్టించలేదు. పట్టించిన తౌడును కుండలో పోసి మూత పెట్టి, మూత మీద రాయి పెట్టింది, అది ఎక్కడికైనా పోతుందేమో అన్నట్టు.

ఆ పక్కల పెళ్లి పిల్లగాడింటి ముందే జరుగుతుంది. పిల్లగాడిల్లు ఏదో తేల్చుకోలేక పందిరి రెండిళ్లకూ కలిపి వేశారు. పెళ్లివారు ముందురోజు పొద్దుగూకే వేళకే వచ్చి దిగారు. రామచంద్రయ్య పంతులు పెళ్లికానుకగా ఒక గొప్ప పని చేశాడు. ఎవరినో పట్టుకుని, బొమ్మ వ్యానును ఆ సాయంత్రానికి ఊరికి రప్పించాడు. పందిట్లోనే తెర కట్టారు. తీసిన ఊరు అప్పటిదాకా ఆ బొమ్మ చూడలేదు.

తెర వెలిగింది. పైనుంచి గంభీరమైన గొంతు దేశం గురించి, యువకుల గురించి మాట్లాడుతోంది. లింగస్వామి బూరెలు తింటున్నాడు. “చూడండి, ఈ యువకుల నిరాడంబర భోజనం!” అంది గొంతు. ఊరు పడి పడి నవ్వింది. భిక్షం తవ్వుతున్నాడు. తవ్విన చోటే మళ్లీ తవ్వుతున్నాడు. తెర మీద తనను చూసుకుని, “ఎవడ్రా ఈడు, గిట్ల నవ్వుకుంట తవ్వుతుండు, పిచ్చోడా?” అని భిక్షం పక్కవాణ్ని అడిగాడు.

బక్కమ్మ గడప వచ్చింది. గడపలో గుర్వమ్మ. పెళ్లినాటి చీర, కంటె, కడియాలు. జనం కేకలు పెట్టారు. గుర్వమ్మ ఒళ్లంతా కళ్లు చేసుకుని చూసింది. తనను తాను ఆమె చూడటం అదే మొదలు. తెర మీద గుర్వమ్మ నోరు బాయి గురించీ ఛాయ గురించీ తిడుతోంది. గొంతు మాత్రం, “‘వెళ్లు నాయనా, దేశం నిన్ను పిలుస్తోంది’ అంటోంది ఆ మాతృమూర్తి” అంది.

ఆ తర్వాత గొంతుకు మాటలు అయిపోయాయి. ఎందుకంటే తెర మీద భిక్షం కదల్లేదు. గుర్వమ్మ ఏడుపు అయిపోయింది, దీవెన అయిపోయింది, మూట భుజాన ఉంది. వాడు కదలడు. గుర్వమ్మ తల మీదుగా పక్కకు చూస్తున్నాడు. తెర అంచు నుంచి రెండు చేతులు వచ్చాయి. ముఖం చుట్టూ తిరిగాయి, కణతల మీద విరిగాయి. ఆ బొమ్మకు పైగొంతు తప్ప వేరే చప్పుడు లేదు, అయినా అందరికీ పటపటమని వినిపించింది. వాడు అప్పుడు గడప దిగి వెళ్లిపోయాడు.

“పక్కింటి మహిళలు కూడా అతన్ని ఆశీర్వదిస్తున్నారు” అని గొంతు తేరుకుంది గాని ఎవరూ వినలేదు.

ఆడవాళ్ల మధ్య పసుపు ముఖంతో కూర్చున్న యాదలక్ష్మి తండ్రి చెవిలో, “నాయినా, ఆయన ఎవలి కోసం ఆగిండో సూసినవా?” అంది. మెల్లగానే అంది. కాని పందిరంతా నిశ్శబ్దంగా ఉండటంతో అది అందరి చెవుల్లోనూ పడింది.

గుర్వమ్మ లేచి నిలబడింది. తెర వెలుగు ఆమె ముఖం మీద పడింది.

“ఓ బక్కీ! తేపో నీ తౌడు.”

“అక్కా, బేడీలు...”

“ఎవనికేస్తరే బేడీలు? సర్కారు బొమ్మలనే ఉండె గద ఎవలు తల్లో. నేను దాసిపెట్టిన్నా? కండ్లున్నోడెవడన్న సూడొచ్చు. గొంతు తప్పు సెప్పిందంటే బేడీలు గొంతుకెయ్యాలె.”

మల్లప్ప మంచం దిగి, చీకట్లో ఎక్కడుందో వెతుక్కుంటూ బక్కమ్మ ముందుకు వచ్చాడు. “అంటే, మజ్జిగిచ్చినామెవు నువ్వేనా? పక్కింటామెవు?”

బక్కమ్మ కొంగు ముందుకు లాక్కుంది.

“సంబంధం సంగతి తర్వాత. ఒక్కటి సెప్పు. నా బిడ్డను కొడ్తవా?”

బక్కమ్మ రెండు చేతులతో నోరు మూసుకుని తల అడ్డంగా ఊపింది. వేళ్ల సందుల్లోంచి, “రేపు సెప్త బావా, తాళి గట్టినంక. ఇప్పుడు నన్నేం అడగకు” అంది. నోరు ఇంతగా అదుపులో ఉన్న అత్త ఇంకెక్కడ దొరుకుతుందిలే అనుకున్నాడో ఏమో, మల్లప్ప పోయి మళ్లీ మంచమెక్కాడు.

పొద్దున తాళి కట్టగానే బక్కమ్మ చాటతో వచ్చింది. తౌడు నిండుగా, కుప్పగా పోసుకొచ్చింది, దారి పొడుగునా కారుతోంది. గుర్వమ్మ కొంగు పట్టి పోయించుకుని, పిడికెడు తీసి వేళ్లతో నలిపి చూసింది.

“నేను పోసింది మంచి తౌడే. దీంట్ల ఊక ఉన్నది.”

“లేదక్కా, జల్లెడ పట్టిన.”

“సర్లే తియ్యి. పోరడు గూడ అప్పటంత సక్కదనం ఏం లేడు. సరికి సరి.”

అంది గాని గుర్వమ్మ ముఖం పక్కకు తిప్పుకుంది. ఈసారి ఏడుపు కెమెరా కోసం కాదు.

రామచంద్రయ్య పంతులు భిక్షం భుజం తట్టాడు. “పిలువురా మరి.” పందిట్లో అందరూ ఆగారు. భిక్షం నెత్తిన తలంబ్రాలు రాలుతుండగా గొంతు సవరించుకున్నాడు.

“అమ్మా.”

“ఓ!” అంది గుర్వమ్మ, అలవాటున.

బక్కమ్మ కింద పడ్డ తౌడు ఎత్తుకుంటోంది. తిరిగి కూడా చూడలేదు.

“అమ్మా!” అన్నాడు భిక్షం ఇంకోసారి, గట్టిగా.

బక్కమ్మ వంగినచోటి నుంచే, “గుర్వక్కా, నీ కొడుకు పిలుస్తుండు, యినబడ్తలేదా?” అంది.

ఊరు గొల్లుమంది. “నిన్నేనే బక్కీ” అని గుర్వమ్మ ఆమె రెక్క పట్టి లేపింది. బక్కమ్మ లేచి, పందిరి కప్పు వైపు, తలుపు చాటు వైపు, వెనక వైపు చూసింది, ఇంకెవరైనా వింటున్నారేమోనని. తర్వాత కొడుకు వైపు తిరిగింది.

“ఏందిరా?”

పిలిచాక ఏం చెప్పాలో భిక్షం అనుకోలేదు. “ఏం లేదు. ఉత్తగనే.”

బక్కమ్మ తౌడు చేతులు కొంగుకు తుడుచుకుంది. టోపీ సారు లాగా ఒక వేలు పైకెత్తింది.

“మల్లొక్కసారి” అంది.